గడికో రంగు, గడికో పూట

2020 ఫిబ్రవరి చివర్లో బ్రిటిష్ గాయకుడు హ్యారీ స్టైల్స్ న్యూయార్క్‌లో ఎన్‌బీసీ ‘టుడే’ కార్యక్రమం రిహార్సల్‌కి ఒక ఊలు కార్డిగన్ వేసుకొచ్చాడు. ముందు బొత్తాలు, ఒళ్లంతా పెద్ద పెద్ద గడులు. ఎరుపు, పసుపు, ఆకుపచ్చ, నలుపు. ఇంట్లో మిగిలిపోయిన ఊలు ఉండలన్నీ పోగేసి ఏ అమ్మమ్మో చలికాలం మధ్యాహ్నాల్లో అల్లిపెట్టినట్టుంది చూడ్డానికి. నిజానికి అది ఉత్తర ఐర్లండ్‌లో పుట్టి లండన్‌లో స్థిరపడిన డిజైనర్ జొనాథన్ ఆండర్సన్ నడిపే ‘జేడబ్ల్యూ ఆండర్సన్’ వారి తయారీ. ధర 1,250 పౌండ్లు. అప్పటి మారకం లెక్కన లక్ష రూపాయలు దాటుతుంది.

నెల తిరక్కుండానే లాక్‌డౌన్లు వచ్చిపడ్డాయి. ఇళ్లలో చిక్కుకున్న కుర్రకారు ఆ ఫొటోలు ముందేసుకున్నారు. ఏ గడి ఏ రంగో, వరసకి ఎన్ని గడులో కాగితం మీద గీసుకున్నారు. ఊలు తెప్పించుకున్నారు. అంతకుముందు సూదులు పట్టి ఎరగనివాళ్లు కూడా అల్లడం మొదలుపెట్టి, రోజు రోజూ ఎంత అయిందో టిక్‌టాక్‌లో చూపించారు. ఆ వీడియోల జోరు చూసిన ఆండర్సన్, జులైలో కార్డిగన్ నమూనా మొత్తాన్ని పైసా తీసుకోకుండా అందరికీ ఇచ్చేశాడు. ఎలా అల్లాలో చూపే వీడియో కూడా పెట్టాడు. సరిగ్గా ఆ రోజుల్లోనే, జూన్ 29న, మన దేశంలో టిక్‌టాక్ మీద నిషేధం పడింది. అందుకే ఈ సందడిలో చాలా భాగం మన పిల్లల కంటపడలేదు. ఏడాది తిరిగేలోగా, నవంబర్‌లో, లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం ఈ కార్డిగన్‌ని తన సేకరణలో చేర్చుకుంది.

దీన్ని ఒక గాయకుడి మీద అభిమానుల మోజు అని కొట్టిపారేయడం తేలిక. నేను మాత్రం అలా అనుకోను. లక్ష రూపాయల చొక్కాయిని వేలతో సరిపెట్టుకుందామని కూర్చున్నవాళ్లకి, చేత్తో చేసిన బట్టలో ఎన్ని గంటలు దాక్కుంటాయో మొదటిసారి వేళ్లకి తెలిసొచ్చింది. ఈ కథలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచేది అదే.

ఆ గంటలు ఎక్కడికి పోతాయో చూడాలంటే ఒక్క గడి అల్లితే చాలు. సూది మీద కుట్లు ఎక్కించి, ప్రతి వరసా నిట్ కుట్టుతోనే పోతే గడి బల్లపరుపుగా పడుకుంటుంది, కాకపోతే పొడవుకు వరసలు ఎక్కువ పడతాయి. ఇరవై కుట్ల వెడల్పుకి నలభై వరసలు అల్లితేగాని నాలుగు పక్కలూ సమానం కావు. ఒక వరస నిట్, ఒక వరస దాన్ని తిరగేసిన పర్ల్ కుట్టు వేస్తే పైభాగం నున్నగా వస్తుంది, వరసలు తక్కువ పడతాయి, కానీ అంచులు చుట్టుకుపోతాయి. రెండు రకాల గడులూ ఒకే కార్డిగన్‌లో పక్కపక్కన కూర్చోవాలంటే కుట్ల లెక్క వేరైనా కొలత ఒక్కటే కావాలి. పైగా చెయ్యి ఒక పూట బిగువుగా, ఒక పూట వదులుగా ఆడుతుంది. కోపంలో అల్లిన గడి చిన్నదవుతుంది. తడిపి, గుండుసూదులతో నాలుగు మూలలూ లాగి పరిచి ఆరబెడితే కొంత సర్దుకుంటుంది.

అసలు పని గడులన్నీ అయ్యాక మొదలవుతుంది. ప్రతి గడికీ మొదట ఒక కొస, చివర ఒక కొస వేలాడుతుంటాయి. వాటిని మొద్దు సూదిలోకి ఎక్కించి వెనకవైపు కుట్లలోకి దూర్చి దాచాలి. తర్వాత గడికి గడిని కలపాలి. రెండు గడుల్నీ మంచి వైపు పైకి ఉంచి, ఈ గడి అంచు కుట్టుకీ దాని పక్క కుట్టుకీ మధ్య అడ్డంగా కనబడే దారాన్ని ఎత్తి, ఆ గడిలోనూ అలాంటి దాన్నే ఎత్తి, నిచ్చెన మెట్లలా పది పన్నెండు దాకా పోయి, అప్పుడు దారం కొస పట్టి మెల్లగా లాగాలి. రెండు రంగులూ దగ్గరకొచ్చి అతుకు మాయమైపోతుంది. వెనక్కి తిప్పి చూస్తే తప్ప అక్కడ ఎవరి చెయ్యీ పడినట్టుండదు. కష్టం ఎంత బాగా పడితే అంత కనబడకుండా పోయే పని ఇది.

కార్డిగన్ అన్న పేరు మాత్రం ఇళ్లలోంచి రాలేదు, యుద్ధంలోంచి వచ్చింది. 1854 అక్టోబర్ 25న క్రిమియాలోని బాలక్లావా దగ్గర రష్యా ఫిరంగులకు ఎదురుగా బ్రిటిష్ ఆశ్వికదళాన్ని నడిపించినవాడు జేమ్స్ బ్రూడెనెల్, ఏడో ఎర్ల్ ఆఫ్ కార్డిగన్. ముందు తెరుచుకునే ఊలు చొక్కాకి ఆయన బిరుదు అతుక్కుపోయింది. ఆ యుద్ధంలో సేనాధిపతి లార్డ్ రాగ్లన్ పేరు మెడ దాకా సాగే రాగ్లన్ చేతులకి వచ్చింది. బాలక్లావా ఊరి పేరేమో, ముఖం మాత్రం కనిపించేలా తలంతా కప్పే ఊలు టోపీకి మిగిలింది. డిసెంబర్ తెల్లవారుజామున మన పాలవాళ్లూ వాచ్‌మన్లూ పెట్టుకునే మంకీ క్యాప్ అదే. ఇద్దరు సేనానుల పేర్లూ, ఒక యుద్ధభూమి పేరూ బట్టలకెక్కాయి. ఆ చలిలో సైనికుల కోసం ఇళ్లలో కూర్చుని ఊలు అల్లి పంపిన ఆడవాళ్లలో ఒక్కరి పేరూ ఏ బట్టకీ రాలేదు.

ప్రముఖులు వేసుకుంటే జనం అల్లుకోవడం కూడా 2020లో కొత్తగా పుట్టిందేమీ కాదు. 1922లో వేల్స్ యువరాజు, తర్వాత ఎనిమిదో ఎడ్వర్డ్ అయినవాడు, సెంట్ ఆండ్రూస్‌లో ఫెయిర్ ఐల్ స్వెటర్ వేసుకుని గోల్ఫ్ ఆడాడు. షెట్లాండ్, ఆర్క్నీ దీవుల నడుమ ఉన్న బుల్లి దీవి ఆడవాళ్ల అల్లిక ఒక్కసారిగా ఊరూరి ఫ్యాషన్ అయింది. ఎన్ని రంగులు కనిపించినా ఏ వరసలోనైనా రెండే దారాలు నడుస్తాయి దానిలో. పారిస్‌లో ఎల్సా స్కియాపరెల్లి 1927లో మెడ దగ్గర తెల్లటి బో ఉన్నట్టు భ్రమ కలిగించే స్వెటర్ తెస్తే, మరుసటి ఏడాదే ఒక అమెరికా మహిళా పత్రిక ఆమెను అడక్కుండానే నమూనా అచ్చేసింది. స్కియాపరెల్లి దగ్గర అడక్కుండా తీసుకున్నదాన్ని ఆండర్సన్ తనంతట తాను ఇచ్చాడు. ఫ్యాషన్ రంగంలో ఇలా చెయ్యి చాచి ఇచ్చేవాళ్లు తక్కువ. ఆయన్ని మెచ్చుకోవాల్సిందే.

రంగురంగుల ముక్కల్ని కలిపి అల్లడం ఎప్పుడూ సరదా కోసమే జరగలేదు. 1941 జూన్ 1న బ్రిటన్‌లో బట్టల మీద రేషన్ పెట్టారు. మొదటి ఏడాది పెద్దవాళ్లకి 66 కూపన్లు. రెండు ఔన్సుల ఊలుకి, అంటే 57 గ్రాములకి, ఒక కూపన్ ఇచ్చుకోవాలి. దాంతో మోచేతుల దగ్గర చిరిగిన స్వెటర్లన్నీ దారంగా మారాయి. అతుకులు విప్పి, వరస వరసా లాగి, కుర్చీ వీపుకి చుట్టి చిలపలుగా కట్టేవారు. ఏళ్ల తరబడి కుట్ల రూపంలో ఉండిపోయిన ఊలు మెలికలు మెలికలుగా ఉంటుంది కదా. గోరువెచ్చని నీళ్లలో ఉతికి, కింద బరువు వేలాడదీసి ఆరేస్తే మెలికలు పోయేవి. నాన్న స్వెటర్ నీలమూ, పాప టోపీ ఎరుపూ ఒకే చొక్కాలో చేరేవి. ఉన్నదాన్నే బాగుచేసి వాడుకోండని ప్రభుత్వం 1943లో ఏకంగా చిన్న పుస్తకమే వేసింది. ఆ రేషన్ 1949 దాకా సాగింది.

అదే అతుకుల సంప్రదాయాన్ని చిత్రకారుడి కన్నుతో చూసినవాడు కేఫ్ ఫాసెట్. 1937లో శాన్‌ఫ్రాన్సిస్కోలో పుట్టి, 1964లో ఇంగ్లండ్ వచ్చాడు. డిజైనర్ బిల్ గిబ్‌తో స్కాట్లాండ్ వెళ్లి, అక్కడి కొండల రంగులన్నీ ఉన్న షెట్లాండ్ ఊలు ఉండలు చూసి ఆగలేక కొనేశాడు. అల్లడం చేతకాదు. తిరుగు రైల్లో తోటి ప్రయాణికురాలు ఒకావిడ సూదులు పట్టించి నేర్పింది. 1988లో ఆయన పనులతో విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం ప్రత్యేక ప్రదర్శన పెట్టింది. బతికున్న వస్త్రకళాకారుడికి అక్కడ దక్కిన తొలి సొంత ప్రదర్శన అది. రైల్లో నేర్పినావిడ లేకపోతే ఏదీ లేదు.

ఇక్కడ గోదావరి జిల్లాల మాట ఎత్తకుండా ఉండలేను. రెండు సూదుల అల్లికకి యంత్రం ఎప్పుడో వచ్చింది. 1589లోనే ఇంగ్లండ్‌లో విలియం లీ మేజోళ్ల మగ్గం చేశాడు. ఒక్క కొక్కెం సూదితో అల్లే క్రోషేని మాత్రం అచ్చంగా అలాగే అల్లి దుకాణాలకి సరుకు తీసే యంత్రం ఇప్పటికీ లేదు. ఏ దేశం దుకాణంలో అసలైన క్రోషే టాప్ కనిపించినా, ధర ఎంత తక్కువున్నా, దాన్ని ఒక మనిషి చేతులే అల్లాయి. ఆ చేతులు నరసాపురం చుట్టుపక్కల ఊళ్లవీ కావచ్చు.

19వ శతాబ్దంలో స్కాట్లాండ్ మిషనరీలు నేర్పిన లేసు అల్లిక గోదావరి తీరంలో ఇంటింటికీ పాకింది. పని ముక్కలుగా విడిపోయింది. పువ్వులు, గడులు అల్లేది ఒకరు, వాటిని కలిపే అతుకుపని చేసేది మరొకరు. ఎవరి అరుగు మీద వాళ్లది. టేబుల్ గుడ్డ పూర్తయి ఎలా ఉందో చాలామంది చూసి కూడా ఉండరు. జర్మన్ సామాజికవేత్త మరియా మీస్ ఈ ఊళ్లలో తిరిగి రాసిన పుస్తకం 1982లో వచ్చింది. రోజంతా అల్లినా వాళ్లకి దక్కే కూలి రూపాయిలోపే ఉండేదని ఆమె లెక్కగట్టింది. అంత తక్కువ ఇవ్వడానికి చెప్పే కారణమేంటంటే, వీళ్లు కూలివాళ్లు కారు, గృహిణులు, ఖాళీ టైములో అల్లుకుంటున్నారని. పొద్దున వంటకీ సాయంత్రం నీళ్లకీ మధ్య ఆరేడు గంటలు తల వంచుకుని అల్లేదాన్ని ఖాళీ టైము అనడం నాకు మింగుడుపడదు. పరువు పేరుతో గడప దాటనివ్వని ఇళ్లలో ఆ పని కూలిగా కనపడకపోవడమే వ్యాపారులకి కలిసొచ్చింది.

నరసాపురం లేసుకి 2024లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. సంతోషించాల్సిన సంగతే. బయటి సరుకు ఆ పేరు పెట్టుకోకుండా అది కాపాడుతుంది. కానీ ముక్కకి ఎంత ఇవ్వాలన్నది ఆ గుర్తింపు తేల్చదు. లాక్‌డౌన్‌లో ఒక్క కార్డిగన్ అల్లిన పిల్లకి గడికెన్ని గంటలో, అతుకుకెన్ని గంటలో లెక్క నోటికొచ్చు. అలాంటివాళ్లు దుకాణంలో క్రోషే బట్ట చేతిలోకి తీసుకుని, దీని ధరలో అల్లినావిడకి ఎంత వెళ్లిందని అడగడం మొదలుపెడితే, కొన్న కంపెనీ దగ్గరా ఎగుమతిదారు దగ్గరా జవాబు ఉండి తీరాలి.