ధూళిపాళ శకుని పాత్రాభినయం: రంగస్థలం నుండి వెండితెరకు

1. ఉపోద్ఘాతం

తెలుగు సినిమా చరిత్రను కథానాయకుల పేర్లతోనూ స్టూడియోల పేర్లతోనూ చెప్పడం పరిపాటి. ఉప్పల్‌కు సమీపంలోని నాచారంలో నందమూరి తారక రామారావు నెలకొల్పిన రామకృష్ణ స్టూడియో, చిత్రపరిశ్రమ మద్రాసు నుండి హైదరాబాదుకు తరలివచ్చిన క్రమానికి ఒక గుర్తు. అయితే ఆ కాలపు పౌరాణిక చిత్రాలకు బలమైన వాచికాభినయం స్టూడియోలలో పుట్టినది కాదు. పద్యనాటక వేదికల మీద రూపుదిద్దుకొన్న ఆ విద్యను తెరకు చేర్చిన గుణచిత్ర నటులలో ధూళిపాళ సీతారామశాస్త్రి (1922–2007) ముఖ్యులు. ఆయన శకుని పాత్రాభినయాన్ని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

2. రంగస్థల నేపథ్యం

ధూళిపాళ పల్నాటి ప్రాంతంలోని దాచేపల్లిలో జన్మించారు. గుంటూరు ప్రాంతపు నాటకరంగంలో దుర్యోధనాది పాత్రలతో పేరు పొందారు. పద్యనాటకంలో ప్రేక్షకుడు మొదట కోరేది రాగాలాపన. రాగం కంటె వచనోచ్చారణకు ప్రాధాన్యమిచ్చే నటునికి అక్కడ రెండవ స్థానమే దక్కేది. సినిమాలో ఈ తారతమ్యం మారింది. నేపథ్య గానం వచ్చాక పద్యం గాయకునిది, సంభాషణ నటునిది అయింది. 1962లో బి.ఎ. సుబ్బారావు దర్శకత్వంలో వచ్చిన ‘భీష్మ’లో ధూళిపాళ దుర్యోధనుడిగా కనిపించడం ఈ మార్పు తరువాతి ఘట్టమే.

3. శకుని: పాత్ర పరిణామం

‘మాయాబజార్’ (1957)లో సి.ఎస్.ఆర్. ఆంజనేయులు ధరించిన శకునిలో కుటిలత్వంతోపాటు హాస్యచ్ఛాయ ఉంది. ఎన్.టి.ఆర్. దర్శకత్వంలోని ‘శ్రీకృష్ణ పాండవీయం’ (1966) శకునికి గతాన్ని కల్పించింది. దుర్యోధనుని చెరలో తనవారంతా నశించగా మిగిలిన శకుని, తండ్రి ఎముకలతో పాచికలు చేసుకొని పగ తీర్చుకొంటాడు. ఈ వృత్తాంతం వ్యాసభారతంలో గాని కవిత్రయ భారతంలో గాని లేదు. జనశ్రుతిలో ప్రచారంలో ఉన్నది.

ఈ కల్పన వలన నటుని పని కఠినమైంది. శకుని పలికే ప్రతి మాటకు ఇద్దరు శ్రోతలు ఏర్పడ్డారు. దుర్యోధనునికి అది హితవుగా వినిపించాలి. ప్రేక్షకునికి అందులోని పగ తెలియాలి. ధూళిపాళ ఈ ద్వంద్వాన్ని ప్రధానంగా కంఠస్వరంతో, విరామంతో, మాట చివరి సాగదీతతో సాధించారు. దూరాన కూర్చున్న ప్రేక్షకునికి సైతం అంతరార్థం అందించవలసిన రంగస్థల శిక్షణ ఇక్కడ ఉపకరించింది. కెమెరా దగ్గరకు వచ్చినప్పుడు అదే శిక్షణను చూపుకూ పెదవి కదలికకూ కుదించుకోవడం ఆయన ప్రత్యేకత.

4. ‘దానవీరశూరకర్ణ’

రామకృష్ణా సినీ స్టూడియోస్ పతాకంపై 1977 జనవరి 14న విడుదలైన ‘దానవీరశూరకర్ణ’లో ఎన్.టి.ఆర్. కర్ణ, దుర్యోధన, కృష్ణ పాత్రలు మూడింటినీ ధరించి దర్శకత్వం కూడ వహించారు. కొండవీటి వెంకటకవి సంభాషణలు సమాసభూయిష్ఠమైనవి. వాటిని శ్వాస తప్పకుండా, అర్థం చెడకుండా పలకగలవారే అందులో నిలువగలరు. ధూళిపాళ మళ్ళీ శకుని అయ్యారు. దుర్యోధనుని వాక్కు ప్రవాహమైతే, శకుని వాక్కు ఆ ప్రవాహానికి దారి చూపే కాలువ. దుర్యోధనుని ఔద్ధత్యం రాణించడానికి పక్కన అణకువ నటించే శకుని అవసరం. నాయక పాత్ర కీర్తిలో సహనటుని వాటా ఇక్కడ స్పష్టమవుతుంది.

5. ప్రక్రియ క్షీణత

ఒకే పాత్రతో స్థిరపడిన కీర్తి వరమూ బంధమూ అయింది. 1982లో ఎన్.టి.ఆర్. రాజకీయ ప్రవేశం, మారిన ప్రేక్షకాభిరుచి పౌరాణికాలను అరుదు చేశాయి. హైదరాబాదులో స్టూడియోలు పెరిగిన కాలంలోనే పౌరాణిక వాచికానికి అవసరం తగ్గింది. ధూళిపాళ సాంఘికాలలో పెద్దరికపు పాత్రలు ధరించారు. ‘మురారి’ (2001)లోనూ కనిపించారు. చివరి దశలో సన్న్యాసం స్వీకరించారు.

6. ముగింపు

శకునిని కేవల ప్రతినాయకునిగా కాక, గాయపడి పగబట్టిన మనిషిగా తెలుగు ప్రేక్షకుడు గుర్తుంచుకోవడానికి ధూళిపాళ అభినయం ఒక ప్రధాన కారణం. మూలగ్రంథాలలో లేని కథ జనస్మృతిలో మూలకథతో సమానంగా నిలవడం నటుని శక్తికి నిదర్శనం. కాబట్టి పౌరాణిక చిత్రాల చరిత్రను నాయకుల, నిర్మాణ సంస్థల చరిత్రగానే రాస్తే, నాటకరంగం నుండి సినిమాకు అందిన వాచిక సంప్రదాయం నమోదు కాకుండా పోతుంది. నాచారం వంటి చోట్ల నిలిచిన స్టూడియోల పేర్లతోపాటు, అటువంటి సంస్థల చిత్రాలకు కంఠమిచ్చిన నటుల సాధన కూడ పరిశోధనాంశం కావాలి.