కాగితంలో లేని కారణం

హైదరాబాద్‌లో మదీనా చౌరస్తా దాటి హైకోర్టు గేటు ముందు ఆటో దిగుతారు. పక్కన మూసీ, ఎదురుగా 1920 నాటి గుమ్మటాల భవనం. ఆగి చూసే తీరిక లేదు. చంకలో ఫైలు, ఫైల్లో అన్నిటికన్నా పైన ఒక్క పేజీ ఉత్తరం: మీ ఇంటి ప్లాను తిరస్కరించాం. టౌన్ సర్వే ల్యాండ్ రిజిస్టర్‌లో ఆ స్థలం ప్రభుత్వానిదని ఉంది, కలెక్టర్ నుంచి నిరభ్యంతర పత్రం (ఎన్‌ఓసీ) తెండి.

దాని కింద సేల్ డీడ్, లింకు డాక్యుమెంట్లు, ఈసీ, ఖాళీ స్థలం పన్ను రసీదులు. స్టాంపు డ్యూటీ కట్టించుకున్న రోజున, ఏటేటా పన్ను తీసుకున్నప్పుడు ఎవరికీ గుర్తురాని రిజిస్టరు, ఇల్లు కట్టుకుంటామనేసరికి బయటికొచ్చింది. మీ ప్లానులో ఇంటి ఎత్తు 10 మీటర్లు దాటింది కనుక టీఎస్ బీపాస్ చట్టం కింద 21 రోజుల్లో జవాబు చెప్పాలి. చెప్పకపోతే అనుమతి వచ్చినట్టే లెక్క. అందుకే గడువు ముగిసేలోపే ఉత్తరం పంపేశారు.

కోర్టు హాల్లో నల్లకోట్ల మధ్య వెనక గోడకు ఆనుకుని నిలబడతారు. బోర్డు మీద ఐటెం నంబర్లు మారుతుంటాయి. మీ నంబరు రాగానే లాయరు గబగబా ముందుకు నడుస్తారు. రాజ్యాంగం 226వ అధికరణ కింద వేసిన రిట్ అది.

“ఎన్‌ఓసీ లేదు, మై లార్డ్. పైగా ముందున్న రోడ్డు వెడల్పు కూడా చాలదు,” అంటారు మునిసిపల్ స్టాండింగ్ కౌన్సెల్.

మీ గుండె గుభేలుమంటుంది. రోడ్డు సంగతి ఇంతవరకూ ఎవరూ ఎత్తలేదు. జడ్జిగారు ఉత్తరాన్ని ఒకసారి, వెనక్కి తిప్పి మరోసారి చూస్తారు. “రోడ్డు మాట ఇందులో ఎక్కడుంది?”

అవతల జవాబు లేదు. మీ లాయరు అదను చూసి మొహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు 1977లో ఇచ్చిన తీర్పు ఎత్తుతారు: ఉత్తర్వు నిలవాలన్నా, పడాలన్నా అందులో రాసిన కారణాలతోనే. తర్వాత అఫిడవిట్లో కొత్తవి చేర్చి దాన్ని నిలబెట్టడం కుదరదు. వెంటనే హైదరాబాద్ పాటరీస్ కేసు, 2001: అనుమతి ఇచ్చేటప్పుడు కమిషనర్ పైపైన హక్కు పత్రాలూ, స్వాధీనమూ చూస్తే చాలు. హక్కు ఎవరిదో తేల్చే అధికారం ఆయనకు లేదు. సర్వే రిజిస్టర్లో ఒక పద్దు ఉన్నంతమాత్రాన హక్కు తేలిపోదు.

“స్థలం ప్రభుత్వానిదైతే సివిల్ కోర్టులో దావా వేశారా?” రెవెన్యూ తరఫు ప్రభుత్వ ప్లీడరును (జీపీ) అడుగుతారు జడ్జిగారు.

“ఇన్‌స్ట్రక్షన్లు తీసుకోవాలి, మై లార్డ్.”

ఇక డిక్టేషన్ మొదలవుతుంది. తిరస్కరణ కొట్టివేత. ఎన్‌ఓసీ కోసం పట్టుబట్టకుండా దరఖాస్తును నాలుగు వారాల్లో మళ్లీ పరిశీలించాలి. ఈ అనుమతితో ఎవరికీ హక్కు రాదు, ప్రభుత్వం సివిల్ కోర్టుకు వెళ్లాలనుకుంటే వెళ్లొచ్చు. చెవులు రిక్కించి విన్నా ‘అనుమతి ఇస్తున్నాం’ అన్న మాట వినపడదు. అప్పటికే తర్వాతి నంబరు పిలిచేస్తారు.

“గెలిచామా సార్?” వరండాలో అడుగుతారు మీరు.

“ఫైలు మళ్లీ వాళ్ల టేబుల్ మీదికి వెళ్లింది. అదే కారణం చెప్పి ఇంకోసారి కొట్టేయలేరు. రోడ్డు సంగతి అడిగితే కొలతలు చూపిద్దాం. ఈలోపు మేస్త్రీ తొందరపెట్టినా పునాది మాత్రం తవ్వకండి.”

అనుమతి లేకుండా ఒక్క గోడ లేచినా రేపు అదే కోర్టులో మీరు అక్రమ కట్టడం యజమానిగా నిలబడాల్సి వస్తుంది. కాబట్టి ప్లాను కుదరదని కౌంటర్లో నోటిమాటగా చెబితే తలూపి వచ్చేయకండి. కారణం రాసి, సంతకం పెట్టి ఇమ్మనండి. కోర్టులో మీ కేసు నడిచేది ఆ కాగితం మీదే.