బడిలో బోధనేతర సిబ్బంది – మెట్ల చరిత్ర

బడి అనగానే మనకు పంతులుగారే గుర్తుకొస్తారు. గంట కొట్టే అటెండరు, ఫీజు రాసుకునే గుమాస్తా గుర్తుకు రారు. రాజయ్యపేట వైపు బడులైనా, పట్నం బడులైనా ఇదే తీరు. వీరికి ప్రమోషను మెట్లు తక్కువ. పైవారు రిటైరైతేనే కిందివారికి చోటు. ఆ ఇరుకు కొంత తీర్చడానికే మన రాష్ట్రంలో ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ పథకం వచ్చింది. పోస్టు మారకపోయినా, ఏళ్లు నిండితే పై స్కేలు ఇస్తారు. 2005 వేతన సవరణలో 8, 16, 24 ఏళ్లకు ఒక్కో మెట్టు; 2010 సవరణలో అవి 6, 12, 18, 24 అయ్యాయి. కేంద్ర ఉద్యోగులకు 1999లో 12, 24 ఏళ్లకు రెండు మెట్లిచ్చి, 2008లో 10, 20, 30 ఏళ్లకు మూడు చేశారు.

అయితే ఒక మెలిక ఉంది. మొదటి మెట్టుకు సర్వీసు చాలు. ఆపైన ప్రమోషన్ స్కేలు కావాలంటే పై పోస్టుకు తగిన చదువు, పరీక్షలు ఉండాలి. వచ్చిన ప్రమోషను వద్దంటే ఈ లాభమూ పోతుంది. 2004 సెప్టెంబరు 1కి ముందు చేరినవారికి పింఛను చివరి జీతం మీదే కడతారు. తప్పిన మెట్టు రేపు ఇల్లాలి కుటుంబ పింఛనులోనూ కోత పెడుతుంది.

కనుక సభ్యులు పరీక్షలు సకాలంలో రాసి, సర్వీసు రిజిస్టరు ఏటా ఒకసారి చూసుకోవాలని మా మనవి.