ఓరుగల్లులో రాయి ఎక్కడ?

ఖిలా వరంగల్ తూర్పు వాకిట్లో నిలబడి, "ఈ ఊరి పేరులోనే కల్లు ఉంది తెలుసా?" అన్నాను ఆటో అన్నతో. "గిక్కడ దొరకది సార్, తాళ్లకాడికి వోవాలె" అన్నాడు. తప్పు అతనిది కాదు, భాషది.

ఓరుగల్లులోని గల్లు అసలు కల్లే. సమాసంలో పడి క కాస్తా గ అయింది. అర్థం, రాయి. కన్నడిగులకు రాయి కల్లు, తాగేది కళ్ళు. తమిళంలోనూ కల్ వేరు, కళ్ వేరు. మన నోట్లో ఆ తేడా చెరిగిపోయి రెండూ ఒకే ముంతలో పడ్డాయి. గెలిచింది తాగేదే. రాయి మాత్రం పెళ్లిలో తొక్కే సన్నెకల్లులోనూ ఊళ్ల పేర్లలోనూ తలదాచుకుంది.

మరి ఓరు? తమిళంలో ఓర్ అంటే ఒక. కాకతీయుల రాజధానికి అరవ అంకె ఎలా వచ్చిందని ఉలిక్కిపడకండి. మన పాత కావ్యభాషలో ఓరంతప్రొద్దు అంటే రోజంతా. అందులోని ఓరూ ఈ వంశానిదే అనిపిస్తుంది. బంగారం గీసి చూసే ఒరగల్లుతో ముడిపెడదామని నాకూ నోరూరింది గానీ, మొదటి దీర్ఘం ఒప్పుకోలేదు. పైగా కోట నడుమ ఒంటి రాతిగుట్ట సాక్ష్యం చెబుతోంది. సంస్కృత పండితులు దాన్ని చూసే కాబోలు ఏకశిలానగరం అన్నారు.

ఒక్క రాయి పేరున్న ఊరికి వేల రాళ్ల గోడ! గణపతిదేవుడి కాలంలో లేచిన ఆ గోడను రుద్రమదేవి ఇంకా ఎత్తు చేయించింది. సున్నం లేదు, బండ మీద బండ. రెండు బండల నడుమ గోరు దూర్చబోయాను, విరిగింది. వాకిలి కూడా తిన్నగా లోపలికి పోనివ్వదు. నాలుగడుగులు వేయగానే ఎదురుగా గోడ, పక్కకు మలుపు. ఏనుగు పరుగెత్తుకొచ్చి తలుపు గుద్దే వీల్లేదు.

ఆ రాతికోటకు బయట మట్టికోట. 1310లో ఢిల్లీ సేనాని మాలిక్ కాఫుర్ ముట్టడించినప్పుడు ఆ మట్టిలో ఉక్కు బల్లెం కూడా దిగలేదని ఢిల్లీ కవి అమీర్ ఖుస్రో రాశాడు. దాని చుట్టూ అగడ్త. తమిళంలో అగళ్ అంటే తవ్వు; అగడ్తదీ అదే ఇల్లు. పురావస్తు తవ్వకాలకు తమిళులు వాడే అగళాయ్వు కూడా ఆ ఇంటి పిల్లే.

1323లో కోట పడిపోయాక గెలిచినవారు సుల్తాన్‌పూర్ అని పేరు మార్చారు. అది అతకలేదు. పారసీక చరిత్రకారుల కలంలో అరంగల్ అయింది, మనకిప్పుడు వరంగల్. ఆ వ ఎక్కడిదని ఆలోచిస్తూ తిరిగొస్తుంటే, మట్టికోట దగ్గర బర్రెలు తోలుకెళ్తున్న పెద్దాయనను ఊరి పేరు అడిగాను.

"వోరుగల్లు" అన్నాడు.