జట్టు మారిన హైదరాబాదు ఆటగాడు

వానలరుదైన మా అనంతపురమునుండి బ్రతుకుతెరువునకై వలసపోవువారిని ఏటేట చూచినవాడను. ఊరు విడుచుట నాకు వింతగాదు. కాని జట్టు విడుచుటయో?

క్రికెటాటగాడు ఆసిఫ్ ఇక్బాల్ 1943లో హైదరాబాదున జన్మించెను. భారతజట్టునకు నాయకత్వము వహించిన గులాం అహమ్మదు ఆయనకు దగ్గరి బంధువు. హైదరాబాదు పక్షమున రంజీ పోటీలాడెను. 1960-61లో దక్షిణ మండలమున చేరి, పర్యటింపవచ్చిన పాకిస్తానీయులనే ఎదిర్చెను. 1961లో పాకిస్తానునకు వలసపోయెను. 1964 నుండి ఆ దేశపు టెస్టు ఆటగాడు.

1967లో లండను ఓవల్ మైదానమున 65 పరుగులకే ఎనిమిది వికెట్లు కూలినవేళ, ఇంతిఖాబ్ ఆలంతో కూడి 190 పరుగులు జోడించెను. తన మొత్తము 146. అంతటి పోరాటము అరువుతెచ్చుకొన్న అభిమానముతో చేయదగినదా? నేను నమ్మను.

1979-80లో పాకిస్తాను నాయకుడై మన దేశమునకు వచ్చెను. ఆరు టెస్టులలో రెండోడి, ఒక్కటియు గెలువక, 1980లో కలకత్తాలో తన కడపటి టెస్టు ఆడెను.