రీలు మిగులని తొలి చిత్రము

తెలుగు చలనచిత్రమునకు పితామహులని మనము స్మరించు రఘుపతి వెంకయ్యగారు 1869లో మచిలీపట్నమున జన్మించిరి. అయినను వారు నిర్మించిన చిత్రములలో ఒక్క అడుగు ఫిల్మునైనను నేడు మనము చూడజాలము. కంటికి కనబడని చిత్రములకు ఇంత గౌరవమేల? ఈ ప్రశ్ననే శ్రోతలతో కలసి విచారింపదలచినాము.

వెంకయ్యగారు వృత్తిచేత ఛాయాగ్రాహకులు. మద్రాసులో ఫొటో స్టూడియో నడుపుచు, 1910 ప్రాంతమున క్రోనోమెగాఫోన్ అను యంత్రమును తెప్పించిరి. తెరపై బొమ్మ కదలుచుండగా జతగా గ్రామఫోను ప్లేటు పాడునట్లు కూర్చిన సాధనమది. దానితో సింహళ, బర్మా దేశములందును ప్రదర్శనలిచ్చిరి. 1914లో మద్రాసున గెయిటీ సినిమాహాలును కట్టించిరి.

పరులు తీసిన బొమ్మలను చూపుటతో వారికి తృప్తి కలుగలేదు. కుమారుడు ప్రకాశును లండనుకు పంపి చిత్రనిర్మాణవిద్య నేర్పించిరి. తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థను స్థాపించి, 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' అను మూగచిత్రమును వెలువరించిరి. ప్రకాశుగారే దర్శకులు, భీష్ముడును వారే. గంగగా పెగ్గీ కాస్టెల్లో అను ఆంగ్లవనిత నటించెను. ఆ కాలమున కెమెరా పిడిని సాధారణముగా చేతితోనే త్రిప్పెడివారు. త్రిప్పుట మందగించినచో తెరపై మనుష్యులు పరుగులెత్తుదురు. వేగము హెచ్చినచో నత్తనడక నడతురు. ఆ సంవత్సరముననే బెజవాడలో మారుతి సినిమాహాలు వెలసినది.

మరి ఆ రీళ్లేమైనవి? నాటి ఫిల్ము నైట్రేటుతో చేసినది. నిప్పురవ్వ తగిలిన భగ్గుమనును. ఊరక ఉంచినను ఏండ్లు గడచిన కొలది జిగురై, తుదకు పొడియగును. ఆట ముగిసిన రీళ్లను కరగించి వెండి తీయుటయు ఆచారమై యుండెను. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము 1964లో గాని ఏర్పడలేదు. వెంకయ్యగారు 1941లోనే గతించిరి.

అయితే విద్య నశింపలేదు. వారి సంస్థలో పని నేర్చిన చిత్తజల్లు పుల్లయ్యగారు కాకినాడలో స్వయముగా మూగచిత్రము తీసిరి. 1934లో వారి 'లవకుశ'ను చూచుటకు పల్లెజనము బండ్లు కట్టుకొని పట్టణములకు తరలివచ్చిరి. బందరువాసి యొకరు తెచ్చిన విద్య ఇట్లు చేతినుండి చేతికి అందినది. మనము గౌరవించుచున్నది పోయిన రీళ్లను గాదు, ఈ పరంపరను.

డెల్టా గ్రామములలో ఏ యింటి అటకపైనైనను ఆ కాలపు సినిమా కరపత్రమో, ఛాయాచిత్రమో ఉండవచ్చును. దానిని చిత్తుకాగితముగా పారవేయవలదని శ్రోతలకు మా మనవి.