ఆటోలో దొరికిన కెమెరా

ఈ వారం చిన్న ఊళ్ళ సినిమాల గురించి నాలుగు మాటలు చెప్పుకుందాం.

ఇటలీ వాళ్ళకి ఇది పాత విద్యే. ఫెల్లినీ తను పుట్టిన రిమిని ఊరిని తలుచుకుంటూ 1973లో 'అమర్‌కోర్డ్' తీశాడు. బళ్ళో పంతుళ్ళు, పొగాకు కొట్టు ఆవిడ, పిచ్చాసుపత్రి నుంచి వచ్చి చెట్టెక్కి కూర్చునే చుట్టం... పెద్దగా కథంటూ ఉండదు, ఊరే కథ.

మనకీ వంశీ 1986లో 'లేడీస్ టైలర్'తో గోదావరి పల్లెని చూపించి కడుపుబ్బ నవ్వించాడు. కాకపోతే అందులో వేసింది సినిమా నటులు. ఊరివాళ్ళే తెరకెక్కడానికి చాలాకాలం పట్టింది. 2018లో వెంకటేష్ మహా 'కేరాఫ్ కంచరపాలెం' తీస్తే, విశాఖలోని ఆ పేటవాళ్ళే 80 మందికి పైగా నటించారు. డబ్బు పెట్టిన పరుచూరి ప్రవీణగారు అమెరికాలో గుండె డాక్టరు. సలీమా వేషం కూడా ఆవిడే వేశారు.

ఇక నాకు బాగా నచ్చింది 'సినిమా బండి'. ప్రవీణ్ కండ్రేగుల మొదటి సినిమా, 2021 మే 14న నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చింది. నిర్మాతలు రాజ్, డీకే మన చిత్తూరు జిల్లా వైపు వాళ్ళే. అమెరికాలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు చేసి సినిమాల్లోకి వెళ్ళారు. (మా వృత్తివాళ్ళు కూడా జనాన్ని నవ్వించగలరని అలా రుజువైంది!)

ఆటో తోలే వీరకి తన బండిలో ఎవరో మర్చిపోయిన ఖరీదైన కెమెరా దొరుకుతుంది. పెళ్ళిళ్ళ ఫొటోగ్రాఫర్ గణపతిని వెంటేసుకుని సినిమా మొదలుపెడతాడు. క్షౌరం చేసే మరిడేష్ హీరో, కూరగాయలమ్మే మంగ హీరోయిన్! సినిమా ఆడితే ఆ డబ్బుతో ఊరు బాగుచెయ్యాలని వీర ఆశ. కానీ కెమెరా పరాయిది కదా. పోగొట్టుకున్న అమ్మాయి బాధని కూడా సినిమా మర్చిపోదు. నాకు అక్కడే ముచ్చటేసింది.

మనమూ ఊరు బాగుపడాలనే కదండీ ఇక్కడికొచ్చాం. వీర మాత్రం ఊరు వదలకుండా ఆ పని చెయ్యాలనుకున్నాడు.

అది కరోనా కాలం. 2021 ఏప్రిల్ నుంచి ఇండియా నుంచి కువైట్‌కి నేరుగా వచ్చే విమానాలు ఆగిపోయాయి. రాయచోటి నుంచి వచ్చి ఇక్కడ డ్రైవరుగా చేస్తున్న ఒకన్న మా ఫ్లాట్‌లో మాతోపాటు ఈ సినిమా చూశాడు. ఆ యాస వినగానే పడీపడీ నవ్వాడు. సగంలో ఆపమన్నాడు. ఇంటికి ఫోన్ కలిపి, "మన ఆటో ఎవురు తోల్తాండారు?" అని అడిగాడు.